లావణ్య కంట్లో పడ్డ జిల్లేడు మిడత చుక్క

మా చిన్నప్పుడు... నాట్ల రోజుల్లో అమ్మ మడిలో వంగి నాటు వేస్తుంటే, నేనూ మా చెల్లె లావణ్యా గట్టు మీది జిల్లేడు పొదల్లో మిడతల్ని వెతుక్కునేవాళ్ళం. ఎల్లారెడ్డికి దగ్గర్లోనే మా ఊరు. నాకప్పుడు తొమ్మిదేళ్ళు, దానికి ఆరు.

అవి గడ్డిలో ఉండే పచ్చ మిడతలు కావు... జిల్లేడు మిడతలు. వానలు పడ్డాక మట్టిలోంచి పిల్లలు బయటికొచ్చేవి. పసుపు ఒంటి మీద నల్లటి సన్న గీతలు, ఎర్ర చుక్కలు. రెక్కలుండవు. జిల్లేడాకులు తింటూ, కుబుసం విడుస్తూ పెరిగేవి. పెద్దయ్యాక చూడాలి వాటి సోకు... నీలం, పసుపు పట్టీలు, ఎగిరితే లోపలి ఎర్ర రెక్కలు. ఆడవి మెత్తటి మట్టిలోకి తోక దించి, కదలకుండా గుడ్లు పెడుతుంటే ఊపిరి బిగబట్టి చూసేవాళ్ళం.

రెక్కలు రాని పిల్లను పట్టుకుని కాస్త ఒత్తితే, వీపు మీంచి సన్న దారంలా రసం చిమ్మేది. ఎవరి మిడత ఎక్కువ దూరం చిమ్ముతుందో... అదీ మా పందెం.

ఆ రోజు లావణ్య గెలిచింది. నన్ను చూసి నవ్వింది కూడా. నాకు ఉక్రోషం ఆగలేదు. నా చేతిలో ఉన్నదాన్ని దాని మొహం వైపు తిప్పి ఒత్తాను.

లావణ్య తన కుడి కన్ను రెండు చేతులతో మూసుకుని గట్టు మీద కూలబడింది.

"అక్కా, మండుతున్నది."

కాల్వ నీళ్ళు దోసిట్లో తెచ్చి కొట్టాను. కన్ను తెరవలేకపోయింది. నాకు భయమేసింది... దాని కన్ను గురించి కాదు, అమ్మ గురించి.

"మట్టి పడ్డదని చెప్పు. లేకుంటే అమ్మ నన్ను కొడ్తది."

తల ఊపింది.

అన్నాలకు అమ్మ గట్టెక్కేసరికి కన్ను వాచిపోయి ఉంది. "ఏమైందే?" అంటే నేనే ముందుగా "మట్టి పడ్డదమ్మా" అన్నాను. అమ్మ కొంగు ముద్దచేసి, నోటితో ఆవిరి పట్టి అద్దింది. తగ్గలేదు. గంట గడిచినా నీళ్ళు కారుతూనే ఉన్నాయి.

బురద కాళ్ళతోనే ఎల్లారెడ్డి బస్సెక్కాం. అమ్మ ఒళ్ళో పడుకుని లావణ్య మెల్లగా అడిగింది... "అమ్మా, ఈ కన్ను ఇగ కనబడదా?"

"ఎందుకు కనబడదు బిడ్డా," అంది అమ్మ. అంటూనే కిటికీ వైపు తిరిగింది.

దవాఖానలో డాక్టరమ్మ రెప్పలు విప్పి చూసింది. నల్లగుడ్డు మీద మబ్బు కమ్మినట్టుంది.

"మట్టి పడితే ఇట్ల కాదు. ఏం పడ్డదో చెప్తేనే మందు ఎయ్యగలుగుత."

"మట్టే పడ్డది," అంది లావణ్య. నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. అంత మంటలోనూ నాకిచ్చిన మాట తప్పలేదు ఆ పిల్ల.

ఇక నా వల్ల కాలేదు. "మట్టి కాదు... జిల్లేడు మిడత రసం. దీని మొఖం మీదికి నేనే ఒత్తిన."

అమ్మ నా వైపు చూసింది. కొట్టలేదు.

డాక్టరమ్మ చాలాసేపు కన్ను కడిగింది. మందు పెట్టి పట్టీ వేసింది. "మూడు రోజులైనంక విప్పి చూద్దాం. అప్పటిదాంక నేనేం చెప్పలేనమ్మా," అంది.

ఆ మూడు రోజులూ అమ్మ నాతో మాట్లాడలేదు. కంచంలో అన్నం పెట్టి పక్కకు జరిగేది. లావణ్యకు నేనే తినిపించేదాన్ని. అందరూ బయటికెళ్ళాక కుడి కన్ను మూసుకుని ఇల్లంతా తిరిగేదాన్ని... ఎలా ఉంటుందో తెలుసుకోవాలని. గడప తగిలి ఒకసారి పడ్డాను కూడా.

మళ్ళీ దవాఖానకు వెళ్ళాం. పట్టీ విప్పి, బాగున్న కన్నును అరచేత్తో మూసి డాక్టరమ్మ అడిగింది... "ఎదురుంగ ఎవరున్నరు?"

లావణ్య రెప్పలు టపటపలాడించింది. అమ్మ చెయ్యి బల్ల అంచును పట్టుకుని ఉంది.

"అక్క," అంది చివరికి. "ఏడుస్తున్నది."

అప్పుడు అమ్మ నా నెత్తి మీద చెయ్యి వేసింది. "ఇంకోసారి గిట్ల దాచకు బిడ్డా..." మూడు రోజుల తర్వాత నాతో అన్న మొదటి మాట.

లావణ్య ఇప్పుడు కామారెడ్డిలో జాకెట్లకు మగ్గం పని చేస్తుంది. వెంట్రుకంత సూదిలోకి ఒక్కసారికే దారం ఎక్కిస్తుంది. నేను మాత్రం ఇప్పటికీ దాని కుడి కన్ను ఎర్రబడితే నిద్రపోను.

మొన్న నా కూతురికి జిల్లేడు మిడతను చూపించి, జాగ్రత్త చెబుదామని పొలానికి తీసుకెళ్ళాను. గట్లన్నీ గడ్డిమందుకు మాడి ఎర్రగా ఉన్నాయి. ఒక్క పొదా లేదు... గుడ్లు పెట్టేందుకు మెత్తటి మట్టీ లేదు. వేలెత్తి చూపించడానికి ఏమీ మిగల్లేదు.

మీ ఊరి గట్ల మీద ఇంకా ఉన్నాయా? కనిపిస్తే ఓ మాట రాయండి... వచ్చి దూరం నుంచే చూసి పోతాం.