షాబాద్ బండల మీద గళ్ల ఇల్లు

అశోక్‌నగర్‌లో మేం కట్టుకున్నదాన్ని ఇల్లు అనాలంటే కొంచెం ధైర్యం కావాలి. ఒక పాత ఇంటి డాబా మీద, నీళ్ల ట్యాంకుకూ బట్టలారేసే తీగకూ మధ్య ఒక్క గది. హైదరాబాదులో ఇలాంటిదాన్ని పెంట్‌హౌస్ అంటారు. ఆ మాటలో ఉన్న దర్జా గదిలో ఎక్కడా ఉండదు.

కింద ఉండే ఇంటామె, భర్త పోయాక, పోటీ పరీక్షలకు చదివే ఆడపిల్లలకు గదులు కిరాయికిచ్చి బతికేది. ఆమెతో ఒప్పందం కుదిర్చింది నేనే. మా ఖర్చుతో గది కట్టుకుంటాం, ఐదేళ్లు కిరాయి ఇవ్వం, ఆ తర్వాత గది ఆమెది. కాగితం లేదు, మాటే.

"దుకాణపోళ్ళ బిడ్డవు. నన్ను ముంచవు గదా పిల్లా?" అందామె.

"మునిగితే ఇద్దరం కలిసే మునుగుదాం ఆంటీ" అన్నాను. ఇద్దరం నవ్వుకున్నాం.

మా ఆయన హిమాయత్‌నగర్‌లో కంప్యూటర్ ఎంబ్రాయిడరీ డిజైన్లు వేసేవాడు. పొద్దంతా గళ్లలో నెమళ్లూ మామిడిపిందెలూ నింపే మనిషి. చిన్నప్పుడు ఆయన ఒక సందులో, నేను ఇంకో సందులో, టీవీకి తగిలించే వీడియో గేమ్‌ను అరగంట లెక్కన కిరాయికి ఆడినవాళ్లం. ఆ ఆటల్లో లోకమంతా గళ్లే. మబ్బు గళ్లు, గడ్డి గళ్లు, చచ్చేవాడూ గళ్లే, చంపేవాడూ గళ్లే. "మన ఇల్లు గట్లనే కడదాం" అన్నాడు ఆయన. మా దగ్గరున్న డబ్బుకు గుండ్రటిదేదీ రాదు గనక నేనూ సరేనన్నాను.

గ్రాఫ్ పేపరు మీద ఇల్లు గీశాడు. ఒక గడికి అరచేతంత టైల్ ఒకటి. మెట్లు మెట్లుగా పేర్చిన చెక్కపెట్టెలు, ఒకదాంట్లో బియ్యం, ఒకదాంట్లో బట్టలు. నిచ్చెనెక్కితే పైన అటక, దాని మీద పడక. గోడ నిండా నీలం ఆకాశం, కింద పచ్చగడ్డి. తలుపు దగ్గర ఎర్రగా, పళ్లు బయటపెట్టి, ఆటలో ఎదురొచ్చే రాక్షసుడు ఒకడు. అది మా అత్తగారి కోసమని నేనెప్పుడూ అనలేదు.

ఇక కొనడం నా వంతు. మా నాన్నది చిక్కడపల్లిలో స్టీలు సామాన్ల దుకాణం. నాకు అక్షరాలకన్నా ముందు బోణీ వచ్చు. పొద్దున షట్టర్ ఎత్తాక వచ్చిన తొలి గిరాకీ ఉత్త చేతుల్తో పోతే ఆ రోజంతా చెడుతుందని దుకాణదారుల భయం. అందుకే తాళం తీసే వేళకు వెళ్లి నిలబడితే, మధ్యాహ్నం కలలో కూడా దొరకని ధర దొరుకుతుంది. మా ఇల్లంతా నేను ఆ భయం మీదే కట్టాను. కోఠిలో తలుపు రెక్క, ముషీరాబాద్‌లో రేకులు, అన్నీ బోణీ బేరాలే. నన్ను చూస్తే కొందరు ఎత్తిన షట్టర్ సగానికి దించేసేవాళ్లు. అదొక బిరుదులా మోసుకు తిరిగాను.

అయితే బోణీకి రెండో వైపు కూడా ఉంది. నువ్వడిగిన ధరకు అతను ఇస్తానంటే నువ్వు వెనక్కి పోకూడదు. పోతే అతని అన్నంలో మన్ను కొట్టినట్టే. ఈ సంగతి మా ఇళ్లలో పిల్లలకు ఎవరూ చెప్పరు. అట్లా చేసినవాణ్ని నాన్న ఎట్లా చూస్తాడో చూసి నేర్చుకుంటాం.

ఆ ఏడు మెట్రో కోసం రోడ్డు వెడల్పు చేస్తారని నారాయణగూడలో దుకాణాల గోడల మీద ఎర్రగీతలు పడ్డాయి. ఒక టైల్స్ దుకాణానికి ఆ గీత సరిగ్గా గల్లాపెట్టె వెనక గోడ మీద ఉంది. నాకు కావలసింది పచ్చరంగు టైల్స్ ఒక పెట్టె. దాని ధర దించడానికని, వెనక మిగులు సరుకు కుప్ప చూపించి, మొత్తానికి ఇంత అని నోటికొచ్చిన సిగ్గుమాలిన ధర చెప్పాను. అతను తిట్టాలి, నేను రెండడుగులు వెనక్కి వేయాలి, అతను పిలవాలి. బేరం నడిచే దారి అది.

దుకాణదారు తిట్టలేదు. ఆ ఎర్రగీత వంక చూశాడు. నా చేతిలో నోట్లు తీసుకుని కళ్లకద్దుకున్నాడు.

"బోణీ చేసినవ్ బిడ్డా. మొత్తం తీస్కపో."

"అయ్యో సేట్, నేను ఉత్తగనే అడిగిన..."

"బోణీల ఉత్తగ ఎవరన్న అడుగుతరా? నువ్వు ఎవరి బిడ్డవో నాకు తెల్వదా?"

ట్రాలీ ఆటో ఆ సరుకుతో వెనక చక్రాల మీద కూలబడి, నాలుగైదు సార్లు తిరిగింది. పెట్టెలు డాబా మీదికి మోసిన పాలమూరు కూలీ చెమట తుడుచుకుంటూ అడిగాడు: "అక్కా, మీరు ఇల్లు కడుతున్నరా, గుడి కడుతున్నరా?"

మిగిలింది పారేయడం మా వంశంలో లేదు. నేలకు వేశాం, గోడలకు వేశాం. వంటగట్టు కట్టి దానికీ వేశాం. ఇంకా మిగిలితే కూర్చోవడానికి దిమ్మె కట్టి దానికీ వేశాం. కింద దట్టంగా ఇసుక, సిమెంటు. గృహప్రవేశం నాడు వీధివీధంతా చూడ్డానికి వచ్చింది. ఇంత తక్కువలో ఎట్లా కట్టావని అందరూ అడుగుతుంటే నాకు ఆకలి కూడా వేయలేదు.

వానలు మొదలైన వారంలో కింది గదిలో ఉండే పిల్ల, నల్లగొండ వైపు నుంచి గ్రూప్స్‌కు చదవడానికి వచ్చినామె, అన్నం పళ్లెంతో పైకి వచ్చింది.

"అక్కా, మీ గడ్డి బాగనే ఉంది గని, మా అన్నంల సున్నం పడుతున్నది."

తెల్లటి అన్నం మీద తెల్లటి పొడి. మొదట నాకు కనపడలేదు. ఆమె వేలితో రాసి చూపించింది.

కిందికి వెళ్లాం. ఆ గది తలుపు నెల కిందటిదాకా బాగానే మూసుకునేదట. ఇప్పుడు పైచట్టానికి పట్టేస్తోంది. తలెత్తి చూశాం. పాత కాలపు కప్పు అది. ఇనుప గర్డర్ల మీద షాబాద్ బండలు పరిచి, పైన డంగుసున్నం పోసినది. మూడు మంచాలకు పైనున్న బండలో, ఈ గర్డర్ నుంచి ఆ గర్డర్ దాకా వెంట్రుకంత గీత ఉంది. సరిగ్గా దాని పైనే మా దిమ్మె.

"పాతిల్లు గదా, ముసలోళ్ల మోకాళ్ల లెక్క గట్లనే చేస్తది" అంది ఇంటామె.

"ఆంటీ, మేము నోటిఫికేషన్ ఎప్పుడు పడతదా అని చూస్తున్నం. మీ కప్పే ముందు పడేటట్టున్నది" అంది ఆ పిల్ల. మిగతా ఇద్దరూ మంచాల మీద పడి నవ్వారు. నేను గీతనే చూస్తున్నాను.

మా ఆయన మైదాపిండి ఉడికించి, ఆ గీతకు అడ్డంగా సన్నటి కాగితం ముక్క అంటించాడు. బండ కదలకపోతే కాగితం అట్లాగే ఉంటుంది. ఆ రోజు మేం మా ఇంట్లో దొంగల్లా నడిచాం. కుక్కర్‌ను గట్టు మీద గుడ్డును పెట్టినట్టు పెట్టాను.

"ఆటల కొన్ని ఇటుకలుంటుండె, యాదికున్నదా?" అన్నాడు ఆయన. "మీద నిలబడంగనే వణుకుడు మొదలయితది. జర ఆలస్యం చేస్తే..."

"నోరు మూస్కో" అన్నాను.

మర్నాడు కాగితం మధ్యకు చిరిగి ఉంది.

ఆ సాయంత్రానికల్లా ముగ్గురు పిల్లలూ అడిక్‌మెట్‌లో హాస్టల్ చూసుకుని వెళ్లిపోయారు. పెట్టెలన్నీ మా ఇద్దరి చేతే మోయించారు. న్యాయమే. మేస్త్రీని పిలిచి టైల్స్ తీసేయమన్నాం. అతను మడమతో నేలను తట్టి చూశాడు.

"గట్టిగ పట్టింది. సుత్తె వెయ్యకుంటె ఊడది. సుత్తె వేస్తే కింద బండ ఏమైతదో నేను చెప్పలేను. కింద మాత్రం ఎవ్వరు ఉండొద్దు."

కింద ఎవరూ లేరు కదా అనుకున్నాం. కానీ ఇంటామె అప్పటికే గీత మీద పుట్టీ పూయించి, సున్నం వేయించి, గేటుకు టు-లెట్ బోర్డు కట్టింది. నన్ను మెట్ల కిందికి పిలిచింది.

"నువ్వు నోరు మూస్కుంటె నీ ఇల్లు నీకుంటది, నా కిరాయి నాకుంటది. సమజయిందా?"

నా జన్మలో అంత చవక బేరం నాకెవరూ చెప్పలేదు. మాట్లాడాల్సిన పని కూడా లేదు, ఊరికే ఉంటే చాలు. ఆ రాత్రి మా ఆయనకు చెప్పాను. ఆయన నిచ్చెన ఎక్కకుండా తలుపు బయట చాప వేసుకుని పడుకున్నాడు.

రెండ్రోజులకు ఇద్దరు అక్కచెల్లెళ్లు ట్రంకుపెట్టెతో వచ్చారు. "అక్కా, మీరు మీదనే ఉంటరా? రూం ఎట్లుంటది?" అని అడిగింది పెద్దది. వెనక ఇంటామె నిలబడి ఉంది.

"కప్పు పలిగింది. సున్నం కింద దాచిన్రు. వేరే చూస్కోండి" అన్నాను.

వాళ్లు పెట్టె దించకుండానే వెనక్కి తిరిగారు. ఇంటామె నన్ను తిట్టలేదు. లోపలికి వెళ్లి, తన మంచం తనే ఈడ్చుకొచ్చి, ఆ బండ కింద వేసుకుని కూర్చుంది.

"నేను పంటున్న గదా? ఏమైతదో చూస్త. ఎవరొచ్చినా నన్నే చూపిస్త."

అప్పటినుంచి మేం పైకి వెళ్లలేదు, మెట్ల కిందే చాప వేసుకున్నాం. ఆమె మాత్రం అక్కడే తిని, అక్కడే పడుకుంది. మర్నాడు మధ్యాహ్నం వాన జోరుగా పడుతుంటే గడప బయట నిలబడి బతిమాలాను. కొత్త సున్నం మీద ఆ గీత మళ్లీ లేచింది. ఈసారి బండతో ఆగలేదు, గోడ మీదికి కూడా దిగింది. ఆమె దిండు మీద తెల్లటి పొడి.

"ఆంటీ, లే. నీ కాళ్లు మొక్కుత."

"ఏమిస్తవ్?"

"ఏం కావాలె?"

"బండ మార్పియ్యి. నీ ఖర్చుతోటి. నీ గది మొత్తం పీకించు. మళ్ల కట్టద్దు."

కిరాయి లేని ఐదేళ్లలో ఏడాది కూడా గడవలేదు. ఆకాశం, గడ్డి, ఎర్ర రాక్షసుడు అన్నీ ఆ మాటలోనే పోయాయి.

"సరే" అన్నాను.

ఆమె నన్ను అనుమానంగా చూసింది. "గంతేనా? జర తగ్గియ్యమని అడగవా?"

"అడగ. లే ముందు."

లేచింది. మంచం నేనూ మా ఆయనా బయటికి లాగాం. దిండు మాత్రం ఆమె చంకలోనే ఉంది. కబురంపితే వచ్చిన మేస్త్రీ పైకి వెళ్లి దిమ్మె అంచున గడ్డపార ఆనించాడు. ఇంకా కొట్టలేదు, ఊరికే ఆనించాడు. కింద టపామని చప్పుడైంది. బండ రెండుగా మడిచినట్టు విరిగి, మంచం ఉన్న చోట పడింది. దాని వెంట మా పచ్చగడ్డి, ఇసుక, నీళ్లు. గదిలో ఏమీ కనపడనంత దుమ్ము.

ఇంటామె దిండును రెండు చేతులా పట్టుకుని గడప లోపలే నిలబడింది. నేను ఆమె భుజం మీద చెయ్యి వేశాను. తీసేయలేదు.

దుమ్ము కొంచెం తగ్గాక, కప్పులోని కంతలోంచి మేస్త్రీ ముఖం కనిపించింది. అతను పడిన బండను చూడట్లేదు. మా నెత్తి మీదున్న పక్క బండను చూస్తున్నాడు.

"అమ్మా," అన్నాడు మెల్లగా, "మీరిద్దరు ఆడికెల్లి జరగండి. చప్పుడు చెయ్యకుండ."