మా ముత్తాత మిగులు మనిషా?

మాస్టరు పోయాడు. నేను అడిగిన మాటకు జవాబు చెప్పకుండానే పోయాడు. పోయినవాడి మీద కోపం పెట్టుకోకూడదంటారు. నేను పెట్టుకుంటాను. ఏళ్ళ తరబడి పెంచుకున్న కోపం, చితి ఆరిందని ఆరిపోదు.

కబురు నాకు గోడ మీంచి వచ్చింది. మా రెండిళ్ళ మధ్య నడుమెత్తు ఇటుక గోడ ఉంది. పొద్దున్నే మిరప మొక్కలకు నీళ్ళు పోస్తుంటే మాస్టరమ్మ వచ్చి అవతల నిలబడింది. చేతిలో ఆయన కళ్ళజోడు. "బాబాయ్‌గారూ, డర్బన్ ఆస్పత్రి నుంచి ఇప్పుడే వచ్చాను. ఆయన లేరు" అంది.

"కళ్ళజోడు లోపల పెట్టమ్మా, పడిపోద్ది" అన్నాను.

మన తెలుగు సంఘం పత్రిక చదివేవాళ్ళలో ఆయన్ని ఎరగనివాళ్ళు ఉంటారు, వాళ్ళ కోసం చెబుతున్నాను. తెల్లదొరల పాలన పోయి, అందరం కలిసి వేసిన మొదటి ఓట్లు అయిన మరుసటి ఏడు ఆంధ్రా నుంచి వచ్చి డర్బన్ కాలేజీలో ఎకనామిక్స్ చెప్పాడు. దగ్గర్లోని వెరులంలో మా పక్కింట్లో దిగాడు. నేను చెరకు తోటల్లో కూలీల మీద సర్దారుగా చేసినవాణ్ణి. నా కేకకు కొడవళ్ళ వరస మొత్తం కదిలేది. చదువంటే, కూలీలుండే బారక్సుల ముందు ఇసుకలో మా నాన్న దిద్దించిన అక్షరాలే. అవి నాకు చాలాయి.

వచ్చిన కొత్తలో నా మాట విని మాస్టరు నవ్వాడు.

"ఏటి నవ్వుతున్నావు?"

"మా అమ్మమ్మ మాట్లాడినట్టే ఉంది బాబాయ్. ఇప్పుడు మా ఊళ్ళో కూడా ఇలా మాట్లాడేవాళ్ళు లేరు."

"అయితే నా దగ్గర నేర్సుకో" అన్నాను. ఆయన నిజంగానే నేర్చుకున్నాడు. నన్ను ఎక్కిరించడానికి వాడుకున్నాడు.

ఆ రోజుల్లో ఎక్కడికి పోయినా ఒకటే మాట. టాక్సీలు ఆగే ర్యాంకులో డెవలప్‌మెంట్, గుడిలో డెవలప్‌మెంట్, చేపల కొట్టులో డెవలప్‌మెంట్. ఓటు అడిగినవాడూ అదే అన్నాడు, వేసినవాడూ అదే అన్నాడు. అదేమిటయ్యా అంటే ఒక్కడూ చెప్పలేదు. గోడ దగ్గర మాస్టర్ని అడిగాను. "గోడ మీద అయ్యే పని కాదు, శనివారం గుడి హాలుకు రండి" అన్నాడు. అలా మొదలైంది శనివారం పాఠం. మధ్యాహ్నం భోజనాలయ్యాక, ఎవరైనా రావచ్చు.

మొదటి పాఠంలోనే నన్ను అవమానించాడు. బోర్డు మీద మెట్లు గీశాడు. దేశాలన్నీ ఈ మెట్లే ఎక్కుతాయట. అడుగు మెట్టు పాతకాలపు సేద్యం. పై మెట్టు మీద ఇంటింటికీ కారు, ఫ్రిజ్జు. "అడుగు మెట్టుకు ఉదాహరణ ఎవరంటే..." అని హాలంతా చూసి, "మా బాబాయ్. చేతికొడవలితో చెరకు కొట్టించిన మనిషి" అన్నాడు. అందరూ నవ్వారు. నన్నే ఎందుకన్నావని అడిగితే, ముందు వరసలో కూర్చున్నారు కదా అన్నాడు. ముందు వరసలో కాక సర్దారు ఎక్కడ కూర్చుంటాడు?

మరునాడు ఆదివారం గోడ దగ్గరకు వచ్చాడు.

"బాబాయ్, నిన్నటి మాట కొంచెం వెనక్కి తీసుకుంటాను. అందరూ ఎక్కినవి మెట్లు కావు. కొందరు పక్కవాడి భుజాలు ఎక్కారు. మిమ్మల్ని మెట్టు మీంచి దించేశాను."

"అడుగు మెట్టు మీదున్నోణ్ణి ఇంకెక్కడికి దించుతావు?"

గోడ పట్టుకుని నవ్వాడు. అప్పటినుంచి అదే ఆయన పద్ధతి. శనివారం హాల్లో గట్టిగా చెప్పడం, ఆదివారం గోడ దగ్గర కొంత వెనక్కి తీసుకోవడం. చొక్కా జేబులో ఎప్పుడూ సుద్దముక్క ఉండేది. మాట తెగకపోతే గోడ మీదే గీతలు గీసేవాడు. చెప్పిన మాట తప్పని మరునాడే వచ్చి చెప్పిన చదువుకున్నవాణ్ణి నేను ఇంకొకణ్ణి చూడలేదు.

హాలుకు ఒక జులూ ఆవిడ వచ్చేది. మార్కెట్లో చేమదుంపలు అమ్ముతుంది. మన హాల్లోకి ఆమెనెందుకు పిలిచావంటే, "డెవలప్‌మెంట్ అనే మాట ఆవిడ చెవిన కూడా పడింది కదా బాబాయ్" అన్నాడు. ఒక శనివారం మన కొట్టు యజమాని ఒకాయన లేచి, ముందు సంపద పెరగనివ్వాలి, పెరిగాక అదే అందరికీ దిగుతుంది, అంతవరకు ఓపిక పట్టాలి అని ఉపన్యాసం ఇచ్చాడు. ఆవిడ వెనక నిలబడే ఉంది. "తీషా" అంది. మాస్టర్ని వాళ్ళ భాషలో అలాగే అంటారు. "తీషా, మా అమ్మ ఓపిక పట్టింది. చచ్చిపోయింది. ఇప్పుడు నా వంతా?"

మాస్టరు తన కుర్చీ తీసుకెళ్ళి ఆవిడకు వేసి, తను నిలబడ్డాడు. "ఆగమని చెప్పేవాడు ఎప్పుడూ కూర్చునే చెప్తాడు" అన్నాడు. ఆ మాట టాక్సీ ర్యాంకు దాకా పాకింది. ఇంకో మాట కూడా అనేవాడు, పెరగడం వేరు, ఎదగడం వేరు అని. "వీపు మీద గడ్డ కూడా పెరుగుతుంది బాబాయ్. దానికి దండ వేస్తామా?"

ఇక నా కోపం సంగతి.

మా పెద్దోడు మిల్లులో పనిచేసేవాడు. మిల్లు సగం మూతపడింది. చాలామందిని పంపేశారు. పంపేటప్పుడు వాడితో అన్న మాట, నువ్వు మిగులు అని. పని తక్కువ, మనుషులు ఎక్కువ, అందులో నువ్వు మిగులు. వాడు ఇంటికి వచ్చి మంచం మీద గోడవైపు తిరిగి పడుకున్నాడు. కోడలు పిలిచినా లేవలేదు. నేనే వాణ్ణి లేవదీసి శనివారం హాలుకు తీసుకెళ్ళాను, నాలుగు మంచి మాటలు వింటాడని.

ఆ రోజే మాస్టరు ఆ పాఠం ఎత్తుకున్నాడు. పాత దేశాల పల్లెల్లో నేల తక్కువ, చేతులు ఎక్కువ. కొందరు లేచిపోయినా అక్కడ పంట గింజ తగ్గదు. వాళ్ళు మిగులు చేతులు. ఆ చేతులు ఫ్యాక్టరీకో తోటకో పోతే అక్కడ సంపద పెరుగుతుంది, దేశం ఎదుగుతుంది. పెద్ద పెద్ద పండితులు కట్టిన సిద్ధాంతం అన్నాడు.

నా పక్కన వాడు తల దించుకున్నాడు. నేను లేచాను.

"మాస్టరూ, మా ముత్తాత ఆ పల్లెల్నుంచే వచ్చినాడు. ఓడెక్కి వచ్చి ఈ కొండల మీద చెరకు నాటినాడు. ఆడు మిగులు మనిసేటి? కూరలో ఉప్పు ఎక్కువైనట్టు ఎక్కువైపోనాడేటి?"

హాలు నవ్వింది. మాస్టరు నవ్వలేదు. సుద్ద జేబులో వేసుకున్నాడు. "రేపు చెప్తాను" అన్నాడు.

మరునాడు వచ్చాడు. "లెక్క ప్రకారం అక్కడ పంట తగ్గలేదు బాబాయ్."

"పంట సంగతి నానడగనేదు. మనిసి సంగతి అడిగినాను."

"తెలుసు" అన్నాడు. వెళ్ళిపోయాడు. ఆ తరవాత ప్రతి ఆదివారం అదే పాట, ఇంకా ఆలోచిస్తున్నాను అని.

సెలవులకు ఆంధ్రా వెళ్ళేటప్పుడు మా ఇంట్లో నాలుగు తరాలుగా చెప్పుకుంటున్న ఊరి పేరు అడిగి తెలుసుకున్నాడు. వెతుక్కుంటూ వెళ్ళాడు కూడా. తిరిగొచ్చి, సామాను విప్పకుండా గోడ దగ్గరకు వచ్చాడు.

"వెళ్ళాను బాబాయ్. ముసలివాళ్ళందర్నీ అడిగాను. మీ ముత్తాత పేరు ఎవరికీ తెలియదు. ఆ ఊరినుంచి ఓడెక్కిన మనిషి ఉన్నాడనే తెలియదు."

"అయితే నీ పండితులే గెలిసినారు. ఏటీ తగ్గనేదన్నమాట."

"కాదు" అన్నాడు. గట్టిగా అన్నాడు, హాల్లో అన్నట్టు. "గుర్తు లేకపోవడం, తగ్గకపోవడం ఒకటి కావు. తగ్గిందాన్ని కొలిచే కొలబద్ద మా దగ్గర లేదు. లేదు కాబట్టి సున్నా అని రాసుకున్నాం."

ఈ ఒక్క మాట మాత్రం ఏ ఆదివారమూ వెనక్కి తీసుకోలేదు. అయినా ఇది జవాబు కాదని ఆయనే ఒప్పుకున్నాడు. కొలబద్ద లేదంటే, కావాలి కదా? ఎవరు చేస్తారు?

కడసారి వచ్చిన ఆదివారం మనిషి వాడిపోయి ఉన్నాడు. అడిగితే పరీక్ష పేపర్లు దిద్దానన్నాడు. మా వైపు గోడ మీద, రేకుల షెడ్డు కింద, రెండు గీతలు గీశాడు. ఒకటి నిలువు, ఒకటి అడ్డం. వాటి మధ్య పైకి లేచే వంపు ఒకటి. "ఇందులో మీ ముత్తాత ఎక్కడ పడతాడో చూద్దాం" అని చాలాసేపు చూశాడు. మా పెద్దోడు కూడా వచ్చి పక్కన నిలబడ్డాడు. మాస్టరు గీతలన్నీ దాటి, అవతలి ఇటుక మీద ఒక చుక్క పెట్టాడు. ఇంతలో మాస్టరమ్మ టిఫినుకు పిలిచింది. సుద్ద జేబులో వేసుకుని వెళ్ళిపోయాడు.

ఆయన పోయాక వచ్చిన శనివారం మేము హాలుకు వెళ్ళాం. ఎందుకు వెళ్ళామో తెలియదు, కాళ్ళు తీసుకెళ్ళాయి. బోర్డు ఖాళీ. జులూ ఆవిడ చేమదుంపల సంచి మాస్టరు కుర్చీలో పెట్టి, కొంగు సర్దుకున్నట్టు తల గుడ్డ సర్దుకుని, ఎప్పటిలా వెనక్కి పోయి నిలబడింది. కుర్చీ ఇచ్చేవాడు లేడు. ఒక్క మనిషి లెక్కలోంచి పోతే ఏమీ తగ్గదన్న పండితుడు ఆ రోజు అక్కడ ఉండాల్సింది.

ఆయన దగ్గర చదివి పాసైనవాళ్ళు చాలామంది ఇప్పుడు కొత్త ప్రభుత్వం ఆఫీసుల్లో ఉన్నారు. ఎక్కడ మిల్లు తెరవాలి, ఎక్కడ మూయాలి, ఎవరు ఎక్కువ, ఎవరు తక్కువ అని గీతలు గీస్తున్నారు. మీతోనే మాట్లాడుతున్నాను. గురువు బాకీ శిష్యుడిదే. మా ముత్తాత మిగులు మనిషా, కాదా? నా కొడుకు మిగులు మనిషా, కాదా? వచ్చే ఉగాది నాడు, పచ్చడి పంచకముందే, హాల్లో లేచి నిలబడి చెప్పండి. వాడి మొహం చూసి చెప్పండి. తెలియకపోతే తెలియదని చెప్పండి, మీ మాస్టరు అలాగే చెప్పాడు. నేను ముందు వరసలోనే కూర్చుంటాను.

గోడ మీద ఆ చుక్క ఇంకా ఉంది. రేకుల కింద కాబట్టి వాన తగలదు. మొన్న కోడలు తడిగుడ్డ తీసుకుని వెళితే మా పెద్దోడు మంచం మీంచి లేచి వెళ్ళి ఆపాడు. ఉగాది దాకా దాన్ని ఎవరూ ముట్టుకోరు.