ఖాదర్ భాయ్, ఆ ఛాంపియన్‌షిప్ మ్యాచ్ సంగతి

నిన్న మధ్యాహ్నం మన మస్కట్ పాత దోస్తుల గ్రూపులో ఖాదర్ బాషా ఫోటో. కింద వరసగా చేతులు జోడించిన బొమ్మలు.

నేను నమ్మలేదు. పోయినేడు ఇదే గ్రూపులో బతికున్న మనిషికి శ్రద్ధాంజలి పెట్టారు. అది గుర్తొచ్చి నేరుగా కడపకు, వాళ్ల అబ్బాయికి ఫోన్ చేశాను.

నిజమే. పొద్దున్నే నమాజు చేసుకుని కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడట.

ఫోన్ పెట్టేసి చాలాసేపు ఏడ్చాను.

తెలియని వాళ్ల కోసం చెబుతున్నా. తొంభైల మొదట్లో నేనూ ఖాదరూ మస్కట్‌లోని రూవిలో ఒకే రూమ్, ఒకే అమెరికన్ కంపెనీ. నాది జగిత్యాల. ఆఫీసులో ఫ్యాక్స్ మెషిన్ దగ్గర డ్యూటీ. అతను మా పెద్దసారు డ్రైవర్.

నాకు మొదటి నుంచీ అనుమానం ఎక్కువ. రూమ్‌లో చక్కెర డబ్బా మీద కూడా గీత పెట్టుకునేవాణ్ణి.

"ఆ గీత దాంకా నేనే పోసి పెడతాలే గంగన్నా," అని నవ్వేవాడు ఖాదర్.

సారుకు వాళ్ల దేశపు కాలేజీ ఫుట్‌బాల్ పిచ్చి. మన ఫుట్‌బాల్ కాదు, కోడిగుడ్డులాంటి బంతిని చంకలో పెట్టుకుని పరిగెత్తే ఆట.

పన్నెండు కాలేజీలు కలిపి ఒక కాన్ఫరెన్స్. అందులో తూర్పు జట్లు ఒక సగం, పడమటి జట్లు ఒక సగం. సీజనంతా అయ్యాక ఈ సగంలో మొదటివాడికీ ఆ సగంలో మొదటివాడికీ డిసెంబర్‌లో ఒకే ఒక్క మ్యాచ్. అదే ఛాంపియన్‌షిప్. ఆ పద్ధతి అప్పుడే కొత్తగా పెట్టారు.

ఆ ఏడు సారు చదివిన కాలేజీ ఆ మ్యాచ్‌కు వచ్చింది. తూర్పు సగం నుంచి.

సారు తమ్ముడు మ్యాచ్‌ను క్యాసెట్‌లో రికార్డు చేసి, లీవు నుంచి తిరిగొచ్చే ఎవరో ఒకరి చేతికిచ్చేవాడు. అది మస్కట్ చేరడానికి రెండు వారాలు. అందాకా ఎవరూ రిజల్ట్ చెప్పకూడదని ఆఫీసంతటికీ ఆర్డర్. సారు ఆ రెండు వారాలూ పేపర్ కూడా ముట్టుకునేవారు కాదు.

ఈ ఆర్డర్ సంగతి తెలియని హెడాఫీసు మనిషెవరో, ఆదివారం పొద్దున రిజల్ట్ ఫ్యాక్స్ చేశాడు.

చూసింది నేనొక్కణ్ణే. మడిచి సొరుగులో అడుగున పెట్టి తాళం వేశాను. మడుస్తున్నప్పుడే ఖాదర్ కారు తాళాల కోసం లోపలికొచ్చాడు. కాగితం వైపు చూశాడు.

మూడో రోజు సారు నన్ను పిలిచారు.

"జనవరిలో నీ వీసా రెన్యువల్ లేదు. ఎందుకో నీకే తెలుసు."

నన్ను నోరు తెరవనివ్వలేదు. అప్పటికి నాకు పెళ్లై ఏడాది. లక్ష్మిని తెచ్చుకుందామని ఘుబ్రాలో చిన్న ఇల్లు కూడా మాట్లాడి పెట్టాను.

సాయంత్రం రూమ్‌లో ఖాదర్ కాలర్ పట్టుకున్నాను.

"నువ్వే చెప్పినవ్ సారుకు. నా కడుపు కొట్టినవ్ గదా!"

"అల్లా మీద ఆన గంగన్నా, నేను చెప్పల్యా. నాకు ఇంగ్లీషు సదవనీకి యాడొస్తాది?"

ఇంగ్లీషు రాకపోతేనేం, అంకెలు వస్తాయి కదా అనుకున్నాను.

పది రోజులకు నా రెన్యువల్ వచ్చింది. అదే వారం ఖాదర్‌ను సారు కారు మీద నుంచి తీసేసి, దూరంగా ఎడారి సైట్‌లో నీళ్ల ట్యాంకర్ మీద వేశారు.

ఇంకేం కావాలి నాకు? దొంగ దొరికాడనుకున్నాను. అతను పెట్టె సర్దుకుంటుంటే గోడవైపు తిరిగి పడుకున్నాను.

మార్చిలో లక్ష్మి వచ్చింది.

నాలుగేళ్ల తర్వాత సారు దేశం వెళ్లిపోతూ, పాత రిజిస్టర్లు తిరగేస్తూ నన్ను పిలిచి ఒక పేజీ చూపించారు. ఫ్యాక్స్ రిజిస్టర్. వచ్చిన ప్రతి కాగితానికీ నంబరు, తేదీ, విషయం రాసి సారు సంతకానికి పంపడం నా పని. ఆ ఆదివారం ఎదురుగా, నా చేతిరాతతోనే, ఫుట్‌బాల్ ఛాంపియన్‌షిప్ రిజల్ట్ అని ఉంది. పక్కనే ఎవరు గెలిచారో కూడా. కింద సారు సంతకం.

కాగితాన్ని తాళం వేసి దాచాను. అలవాటు కొద్దీ రిజిస్టర్‌లో రాసి నేనే సారు టేబుల్ మీద పెట్టాను.

మిగతాది సారే చెప్పారు. అప్పట్లో నాకు రెన్యువల్ లేదన్న మర్నాడు ఆయన ఆ సంగతి చెప్పి కారులో తిట్టుకుంటుంటే, ఖాదర్ అన్నాడట: "ఏ కాగితం వచ్చినా వదలకుండా రాయమని చెప్పింది నేనే సార్. పంపిస్తే నన్ను పంపండి."

సిగ్గేసింది. కానీ నిజం చెప్పాలి, సిగ్గు కంటే ముందు అనుమానం వచ్చింది. ఊరికే ఎవడైనా ఇంత పని చేస్తాడా? రేపు ఏదో అడగడానికే నాకు చెప్పకుండా దాచుకున్నాడనుకున్నాను. అందుకే నాకు తెలిసిపోయిందని అతనికి చెప్పలేదు.

ప్రతి రంజాన్‌కూ ఫోన్ చేసేవాడు. మా పాప పెళ్లికి కడప నుంచి బస్సులో వచ్చాడు. ప్రతిసారీ ఇప్పుడు అడుగుతాడు, ఇప్పుడు అడుగుతాడు అని కాచుకుని కూర్చున్నాను. ఇన్నేళ్లూ.

పోయిన నెల అడిగాడు.

"గంగన్నా, ఒక మాట అడగాల. శానా దినాల నుంచి అనుకుంటాండా."

వచ్చింది అసలు సంగతి అనుకున్నాను.

"ఆ పొద్దు మ్యాచ్‌లో ఎవురు గెలిచినారన్నా?"

నాలో ఏముందో తవ్వుతున్నాడనుకున్నాను. "యాదికి లేదు భాయ్," అన్నాను. అబద్ధం.

"పోనీలేన్నా, ఊరికే అడిగినా," అన్నాడు.

పడమటి వాళ్లు గెలిచారు, ఖాదర్. మన సారు కాలేజీ ఓడిపోయింది. అది రిజిస్టర్‌లో రాసింది నేనే, తప్పంతా నాదే. నన్ను మన్నించు.

వెళ్లిరా తమ్ముడూ. ఆ అల్లా నీకు శాంతినివ్వాలి.