అద్దె కట్టినట్టే

తిత్లీ తుఫాను వెళ్ళిపోయిన తెల్లారి కవిటి దగ్గర సింహాచలం వాళ్ళ ఊళ్ళో తలతో నిలబడ్డ కొబ్బరిచెట్టు ఒక్కటీ కనిపించలేదు. పెంకుటింటికి మిగిలింది రెండు గోడలు. భార్య చంద్రకళనీ, తొమ్మిదేళ్ళ కూతురు శ్రీవల్లినీ తీసుకుని అతను బడి వరండాలో తలదాచుకున్నాడు. పడిపోయిన చెట్ల మధ్య దారి చేసుకుంటూ మనుషులు నీళ్ళ కోసం తిరుగుతుంటే, అతను వరండా స్తంభానికి ఆనుకుని ఒకటే మాట అనేవాడు.

"గాలికి లేవని ఇల్లు కట్టాల."

చంద్రకళకి అతను మేనబావ. చిన్నప్పటి నుంచి ఎరిగిన మనిషి. నోటి నుంచి మాట రావడం ఆలస్యంగాని, వచ్చాక వెనక్కి తీసుకోవడం అతనికి తెలీదు. అప్పటికే పలాసలో ఒక జీడిపప్పు ఫ్యాక్టరీలో సూపర్‌వైజరుగా చేస్తున్నాడు. కాశీబుగ్గలో ఒక వాటా అద్దెకి తీసుకుని సంసారాన్ని అక్కడికి మార్చాడు. చంద్రకళ ఒక ప్రైవేటు బడిలో మూడో తరగతికి చెప్పడానికి చేరింది. ఊళ్ళో కొబ్బరితోట ఉన్న నేల అమ్మి కాశీబుగ్గ చివర కొంచెం జాగా కొన్నారు. ఆమె గొలుసూ గాజులూ పునాదుల్లోకి వెళ్ళాయి. ఆపైన ఒక ఇటుక లేవాలన్నా చేతిలో ఏమీ లేదు.

అప్పుడు వచ్చాడు గోవింద్. లోన్లు ఇప్పించే ఏజెంటు. ఇస్త్రీ చొక్కా, చల్లటి మాట.

"ఇప్పుడు అద్దె కడతన్నారా లేదా? అద్దె కట్టినట్టే బ్యాంకుకి కట్టుకోండి బావా. అద్దిల్లు ఎప్పటికీ మీదవదు. ఇదైతే మీదవుతాది."

ఆ మాట చంద్రకళకి ఎంత నచ్చిందంటే, బ్యాంకులో పెన్ను చేతికిచ్చి ఎక్కడెక్కడ చూపిస్తే అక్కడ సంతకం పెట్టింది. రెండో సంతకం ఆమెదే. పదిహేను లక్షల అప్పు, ఇరవై ఏళ్ళ కాలం, నెలకి పదమూడు వేలు. అందులోనే ఏదో ఇన్సూరెన్సు కూడా కలిపేశామన్నారు. భావనపాడు నుంచి చేపలు తెచ్చే మనిషితో పది రూపాయలకి పావుగంట బేరమాడే మనిషి, ఆ రోజు బల్ల మీద నుంచి కాగితం తరవాత కాగితం జరుగుతుంటే ఒక్క ప్రశ్నా వెయ్యలేదు. నెలకి పదమూడు వేలు కట్టగలమా అన్నదొక్కటే ఆలోచించుకుంది. కట్టగలం అనుకుంది. అంతే.

ఇల్లు లేచింది. రెండు గదులు, వంటిల్లు, వీధి వైపు చిన్న అరుగు. స్లాబు వేసిన రోజు సింహాచలం మేస్త్రీకి కొత్త బట్టలు పెట్టాడు. తరవాత వచ్చిన ప్రతి వాయుగుండానికీ టీవీ కట్టేసి అరుగు మీద కూర్చుని వానని చూసేవాడు. "రా, ఎంత వత్తావో రా" అన్నట్టుండేది అతని వాలకం. చంద్రకళ లోపల నుంచి చూసి నవ్వుకునేది.

కరోనా వచ్చిన ఏడు ఫ్యాక్టరీ మూశారు. బడి మూశారు. కట్టలేని వాళ్ళు కొన్ని నెలలు వాయిదాలు ఆపుకోవచ్చని బ్యాంకు నుంచి ఫోనుకి మెసేజి వచ్చింది. ఇంటిల్లిపాదీ ఊపిరి పీల్చుకున్నారు. ఆరు నెలలు ఆపుకున్నారు. ఎవరో దయ తలిచి ఆరు నెలల బాకీ మాఫీ చేసినట్టే అనిపించింది వాళ్ళకి. ఆ తరవాత కూడా మెసేజీలు వస్తూనే ఉన్నాయి, ఇంగ్లీషులో, వడ్డీ రేటు గురించి. నెలకి కట్టేది మాత్రం అదే పదమూడు వేలు. అది మారనంత కాలం తక్కినవి చదవాల్సిన అవసరం కనపడలేదు.

రెండేళ్ళ కిందట సింహాచలం పాదాలు వాయడం మొదలైంది. కిడ్నీ జబ్బులకి పేరుపడ్డ ఆ ఉద్దానంలో ఆ వాపుకి అర్థం ఏమిటో పిల్లలకి కూడా తెలుసు. అతని తండ్రి అలాగే పోయాడు. పరీక్ష చేయించుకోమని చంద్రకళ పోరితే, "ఫ్యాక్టరీలో రోజంతా నిలబడతాను గదే, కాళ్ళు వాయవేటి" అని దాటేశాడు. చివరికి రక్తపరీక్ష కాగితం చూసి డాక్టరు తల ఎత్తకుండానే డయాలసిస్ అన్నాడు. వారానికి మూడుసార్లు. కొబ్బరిబొండాలు తాగి పెరిగిన మనిషికి కొబ్బరినీళ్ళు ముట్టుకోవద్దన్నారు. మంచినీళ్ళు కూడా కొలిచి తాగమన్నారు.

సర్కారు సెంటరు కాబట్టి డయాలసిస్‌కి డబ్బులు అక్కర్లేదు. కాని ఆ మూడు రోజులు పని లేదు, మర్నాడు ఒంట్లో సత్తువ ఉండదు. యజమాని మంచివాడు కాబట్టి తీసెయ్యకుండా సగం జీతానికి ఉంచాడు. ఆ సగానికి చంద్రకళ జీతం కలిపితే బ్యాంకుకీ మందులకీ సరిపోయేది. శ్రీవల్లి ఇంటర్ ఫీజుకీ బియ్యానికీ మిగిలేది కాదు. కొన్నాళ్ళు చేబదుళ్ళతో గడిచింది. ఇక గడవదని తేలాక, ఒక శనివారం మధ్యాహ్నం బడి నుంచి అటే బ్యాంకుకి వెళ్ళింది. ఆరేళ్ళు కట్టాం కదా, పెద్ద భాగం తీరిపోయి ఉంటుంది, మిగిలినదానికి నెలవారీ తగ్గించమని అడుగుదామని.

లోన్ల సీటులో భార్గవి అనే అమ్మాయి ఉంది. కంప్యూటర్‌లో చూసి చెప్పింది.

"మీ అసలు ఇంకా పదమూడు లక్షల ఎనభై వేలు ఉంది మేడమ్."

"మరోసారి సూడమ్మా. ఇంకొకలదేమో."

"మీదే మేడమ్."

"అదేటమ్మా. ఎనిమిదిన్నర లచ్చలు దాటి కట్టినాం మేం. ఒక్క నెల తప్పలేదు."

భార్గవి కుర్చీ కొంచెం ముందుకి జరుపుకుంది. విసుక్కోలేదు. "మొదటి ఏళ్ళలో మీరు కట్టేదాంట్లో ఎక్కువ భాగం వడ్డీకే పోతుంది మేడమ్. ఇప్పుడు కూడా పదమూడు వేలలో పదివేల పైన వడ్డీయే. మిగిలిందే అసలుకి జమ. కరోనాలో ఆపుకున్న నెలల వడ్డీ అసలులో కలిసింది. దాని మీద మళ్ళీ వడ్డీ. మధ్యలో రేటు పెరిగింది. పెరిగినప్పుడు మీ వాయిదా పెంచలేదు, కాలం పెంచారు. మెసేజి వచ్చే ఉంటుంది."

"కాలం అంటే?"

"మొదట రెండువేల ముప్పై తొమ్మిదికి అయిపోవాలి. ఇప్పుడు ఇదే వాయిదా కడితే నలభై మూడు దాకా."

చంద్రకళ మనసులో భర్త వయసు కూడుకుంది. అరవై అయిదు. డాక్టరు అతనికి అన్ని ఏళ్ళు ఇస్తాడా అన్న ఆలోచన వచ్చి, దాన్ని తోసేసింది.

"అంతా కలిపితే ఎంత కట్టినట్టమ్మా? మొదటి నుంచి సివర దాకా?"

భార్గవి క్యాలుక్యులేటర్ మీద నొక్కి ఆమె వైపు తిప్పింది. ముప్పై ఏడు లక్షల పైచిలుకు. చంద్రకళ ఆ అంకెను ఒకట్లు, పదులు, వందలు అని పిల్లల చేత చదివించినట్టు వెనక నుంచి చదువుకుంది. ఆరేళ్ళ కిందట ఆమె అడగాల్సిన ప్రశ్న అదొక్కటే.

"నెలకి తగ్గించాలంటే కాలం ఇంకా పెంచాలి మేడమ్. అప్పుడు మొత్తం ఇంకా పెరుగుతుంది" అంది భార్గవి.

"మరి ఇన్సూరెన్సు కట్టించుకున్నారు గదా. ఆయన పని సగం పోయింది. అది రాదా?"

భార్గవి బల్ల మీద కాగితాలు సర్దింది. "అది జబ్బుకి కాదు మేడమ్. అప్పు తీసుకున్నాయన చనిపోతే మిగిలిన బాకీ కంపెనీ కట్టేస్తుంది. బతికుంటే ఏమీ రాదు."

చంద్రకళ లేచి నిలబడి, ఎందుకో ఆ అమ్మాయికి దండం పెట్టి బయటికి వచ్చింది. ఇంట్లో అడిగితే, అసలు చాలావరకు తీరిందనీ, ఇంకొన్నాళ్ళు ఓపిక పట్టమన్నారనీ చెప్పింది. సింహాచలం తలూపి అన్నం కలుపుకున్నాడు. ఆ తలూపులో ఏముందో ఆమెకి అప్పుడు అర్థం కాలేదు.

దాచింది ఆమె ఒక్కతే కాదు. ఆ ఇన్సూరెన్సు సంగతి అతనికి మొదటి రోజు నుంచీ తెలుసు. గోవింద్‌ని అడిగి వివరంగా చెప్పించుకున్నది అతనే.

నెల తరవాత, బడిలో ఇంటర్వెల్లులో డయాలసిస్ సెంటరు నర్సు సలోమి ఫోను చేసింది. "అక్కా, అన్నయ్యగారు ఊరెల్లినారా? రెండుసార్లయింది రాక. ఇయ్యాల కూడా బెడ్ ఖాళీగా ఉంది."

అతను ఆ పొద్దున కూడా ఉతికిన చొక్కా వేసుకుని, ఎప్పటిలాగే పోలారావు ఆటో ఎక్కి వెళ్ళాడు. చంద్రకళ చేతిలో సుద్దముక్క ఇంకా ఉంది. అలాగే రోడ్డు మీదికి వచ్చి పోలారావుకి ఫోను చేసింది.

"టేసను కాడ దిగిపోతన్నాడు మేడం. పెద్ద డాక్టరు కాడికి ఇసాపట్నం వెల్తన్నానని సెప్పినాడు."

పలాస స్టేషన్లో ప్లాట్‌ఫారం చివర, సిమెంటు బెంచీ మీద కూర్చుని ఉన్నాడు సింహాచలం. చెప్పులు విప్పి పక్కన పెట్టుకున్నాడు. పాదాలు వాటిలో పట్టడం లేదు. మొహం ఉబ్బి ఉంది. రోజూ చూసే మొహమే, ఎండకి అలా ఉందనుకుంది ఇన్నాళ్ళూ. ఆమెను చూసి లేవబోయి, ఆయాసం వచ్చి మళ్ళీ కూర్చున్నాడు. ఆమె పక్కనే కూర్చుంది. ఒక గూడ్సుబండి వెళ్తోంది. అది పూర్తిగా వెళ్ళిపోయాక ఆమె అడిగింది.

"ఏటి సేత్తన్నావు బావా ఇక్కడ?"

"ఏటీ లేదు."

"సలోమి ఫోను సేసింది."

అతను పట్టాల వైపు చూస్తూ అన్నాడు. "నాను కూడా ఎల్లినాను బ్యాంకుకి. నీకంటే ముందే. ఆ పిల్లే లెక్క సెప్పింది." కాసేపు ఊపిరి తీసుకున్నాడు. "నానుంటే ముప్పై ఏడు లచ్చలు. నాను లేపోతే ఇల్లు మీది. ఇందులో పెద్ద లెక్కేటుంది సెప్పు?"

చంద్రకళకి ఏడుపు రాలేదు. అతన్ని కొట్టాలనిపించింది. ప్లాట్‌ఫారం మీద అంతమంది ఉన్నారనే ఆగింది.

"లే. ముందు సెంటరుకెల్దాం."

ఆ రోజు సలోమి ఎవరినో బతిమాలి సాయంత్రం బెడ్ చూసింది. ఊపిరితిత్తుల దాకా నీరు చేరిందనీ, ఇంకో రెండు రోజులైతే చేతుల్లో ఉండేది కాదనీ డాక్టరు చంద్రకళని పక్కకి పిలిచి చెప్పాడు. మిషన్ పక్కన స్టూలు మీద కూర్చుని, గొట్టాల్లో తిరుగుతున్న రక్తాన్ని చూస్తూ ఆమె నిర్ణయించుకుంది.

మర్నాడు ఇల్లు అమ్మేద్దామంది. సింహాచలం మంచం మీద నుంచి లేచి కూర్చున్నాడు.

"నా గొంతులో పేనముండగా అమ్మనివ్వను."

"అప్పుడు నీ పేనానికే ధర కడతన్నావు."

"ఏటి మాటలే అవి. పిల్లకి ఒక నీడ ఉండాలని గదా."

"పిల్లకి నువ్వుండాల."

అతను మొహం తిప్పుకున్నాడు. అలా రెండు వారాలు గడిచాయి. ఈలోగా డయాలసిస్ ఉన్న ప్రతిసారీ ఆమె బడికి సెలవు పెట్టి, అతన్ని లోపల పడుకోబెట్టేదాకా వదిలేది కాదు. ఆ సెలవులకి జీతం కోసేశారు. ఆ నెల వాయిదా, ఆరేళ్ళలో మొదటిసారి, తప్పింది. బ్యాంకు నుంచి ఫోను వస్తే స్పీకరులో పెట్టి అతని పక్కన ఉంచింది.

ఫోను అయ్యాక నెమ్మదిగా చెప్పింది. "ఆ కాయితాల మీద రెండో సంతకం నాది. రేపు నీకేదైనా అయితే ఆ ఇన్సూరెన్సు కాయితం మీద నాను సంతకం పెట్టను. ఇల్లు బ్యాంకోలకి వదిలేసి పిల్లని తీసుకుని పోతాను. శ్రీవల్లి మీద ఒట్టు. నువ్వు ఏ లెక్క ఏసుకుంటావో ఏసుకో."

ఈమె కూడా మాట వెనక్కి తీసుకునే మనిషి కాదని అతనికి తెలుసు. గుమ్మంలో శ్రీవల్లి నిలబడి ఉంది. ఎప్పుడొచ్చిందో, ఎంత విందో తెలీదు. ఆ పిల్ల ఏడుస్తోంది, చప్పుడు లేకుండా. సింహాచలం గోడ వైపు తిరిగి పడుకున్నాడు. తెల్లారి టీ తాగుతూ, "కొనీవోలు ఎవలైనా ఉంటే సూడమను" అన్నాడు.

రాజరత్నం అని టెక్కలి వైపు నుంచి బదిలీ మీద వచ్చిన ప్రభుత్వోద్యోగి కొన్నాడు. అవసరానికి అమ్ముతున్నారని తెలిసి బేరం బాగానే ఆడాడు. బ్యాంకు బాకీ పోగా చేతికి వచ్చింది, తోట అమ్మి, బంగారం అమ్మి మొదట్లో పెట్టిన డబ్బుకంటే తక్కువే. ఆరేళ్ళు కట్టిన వాయిదాలు అద్దె కట్టినట్టే అయ్యాయి. అంత అద్దె ఆ వీధిలో ఎవరూ కట్టి ఉండరు. రిజిస్ట్రారు ఆఫీసులో సింహాచలం సంతకం పెట్టి, పెన్ను బల్ల మీద పెట్టి, ఎవరితోనూ మాట్లాడకుండా బయటికి వెళ్ళిపోయాడు.

డయాలసిస్ సెంటరుకి నడిచి వెళ్ళేంత దగ్గరలో రెండు గదుల వాటా తీసుకున్నారు. మిగిలిన డబ్బు శ్రీవల్లి చదువుకని డిపాజిట్ వేశారు. అతను చాలా రోజులు భార్యతో మాట్లాడలేదు. వేళకి లేచేవాడు, సెంటరుకి వెళ్ళేవాడు, వచ్చి పడుకునేవాడు. వాన పడితే కిటికీ మూసుకునేవాడు. తను చేసింది సరైనదేనా అని చంద్రకళ ఆ రోజుల్లో ఎన్నిసార్లు అనుకుందో. మనిషిని దక్కించుకుందిగాని, ఆ మనిషిలో ఏదో ఇంటితోపాటు అమ్ముడైపోయిందని ఆమె భయం.

ఈ మధ్య బడిలో దమయంతి అనే కొత్త టీచరు ఇల్లు కడుతున్నామని, లోను సంగతి అందరికీ చెప్పుకుంటోంది. చంద్రకళ ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని అడిగింది. మొత్తం ఎంత కడతారో అడిగినావా? రేటు పెరిగితే నెలకి కట్టేది పెరుగుతాదా, ఏళ్ళు పెరుగుతాయా? మజ్జిలో ఎక్కువ కడితే అసలులోకి పోతాదా? దమయంతి అవేవీ అడగలేదు. వింది, కాని మొహం చిన్నబుచ్చుకుంది. శుభమా అని ఇల్లు కట్టుకుంటుంటే ఈవిడేమిటి అనుకుని ఉంటుంది.

ఆ సాయంత్రం అన్నం పెడుతూ భర్తకి ఊరికే చెప్పింది, అతను జవాబిస్తాడన్న ఆశ లేకుండానే.

సింహాచలం ముద్ద చేతిలో పట్టుకుని ఆగాడు. "ఎన్నేళ్ళకి తీసుకుందంట?"

"ఇరవై అంది. నాను సెప్పినాక, పదేళ్ళకైతే ఎంత పడుతాదో కనుక్కుంతానంది."

"నెలకి ఎక్కువ పడుతాది గదా."

"పడుతాది."

"కట్టగలదా?"

"తెలీదు బావా."

అతను కొంచెం ఆలోచించాడు. "కట్టలేపోతే సిన్న ఇల్లు కట్టుకోమను" అని, చారు పొయ్యమని కంచం ముందుకి జరిపాడు.