కెమెరా కింద చోటు

గుండ్రటి సినిమా తీసేవాళ్లకు దాక్కోవడానికి ఒకే ఒక్క చోటు ఉంటుంది, అది కెమెరా కింద. మామూలు సినిమాకైతే కెమెరా వెనక నిలబడితే సరిపోతుంది. చుట్టూ చూసే కెమెరాకు వెనక అనేదే లేదు. అందుకని ఆ పనితో పొట్టపోసుకునే మేమంతా స్టాండు కాళ్ల మధ్య మోకాళ్లు ముడుచుకుని, తలలు వంచుకుని, పిల్లిని చూసిన ఎలుకల్లా నక్కి కూర్చుంటాం. పదిహేనేళ్లుగా నా బతుకు ఇదే. నడుము నొప్పికి కారణం అడిగిన డాక్టరుకు ఈ సంగతి చెబితే ఆయన నమ్మలేదు.

నేను మొదటిసారి గుండ్రటి సినిమా చూసింది పదేళ్ల వయసులో. మాది సిరిసిల్ల. మరమగ్గాన్ని మా దగ్గర సాంచా అంటారు, నాన్నను బాపు, అమ్మను అవ్వ. బాపు సాంచాల మీద పనిచేసేవాడు. ఒకసారి ఎందుకో కార్ఖానా నడిపే ఆసామి రెండు రోజులు సెలవిస్తే, బాపు అవ్వనూ నన్నూ హైదరాబాదు తీసుకుపోయి ఒక పార్కు చూపించాడు. అక్కడ గిరగిర తిరిగే ఉయ్యాలలకన్నా నాకు బాగా గుర్తున్నది ఒక గుండ్రటి హాలు. అందులో కుర్చీలు లేవు. ఆనుకోవడానికి వరసగా ఇనుప కమ్ములు, చుట్టూ తొమ్మిది తెరలు. దీపాలు ఆర్పగానే మేమంతా ఏదో కొండదారిలో దిగుతున్న కారు మీద నిలబడ్డట్టయింది. మలుపు వచ్చినప్పుడల్లా జనం అంతా ఒక పక్కకు ఒరిగిపోయారు. నిలబడ్డ నేల మాత్రం ఇంచు కూడా కదల్లేదు. అవ్వ కమ్మి పట్టుకుని కళ్లు మూసుకుని కొండగట్టు అంజన్నకు మొక్కుకుంది.

అందరూ ముందుకు చూస్తుంటే బాపు ఒక్కడే వెనక్కి తిరిగి నిలబడ్డాడు. పక్కవాళ్లు ఆయన్ని చూసి నవ్వుతున్నారు. నాకు తల కొట్టేసినట్టయింది. చొక్కా పట్టుకుని గుంజాను.

"బాపూ, ముందట సూడు. అందరు గటే సూస్తున్నరు."

"ముందటిది గింతమంది సూస్తున్నరు గద బిడ్డా. ఎనుక ఏమైతుందో ఒక్కలన్న సూడాలె గద," అన్నాడు.

అది ఆయన పనిలోంచి వచ్చిన అలవాటు. ఎనిమిది సాంచాలు ఆయన చూసుకునేవి. ముందు వరసలో నాలుగు, వెనక వరసలో నాలుగు, మధ్య సందులో ఆయన. పేక పోగు తెగితే సాంచా దానంతట అదే ఆగుతుంది. అంత చప్పుడులో ఎనిమిదింట ఒకటి ఆగినా, ఏది ఆగిందో తిరిగి చూడకుండానే చెప్పేవాడు. ఈ సంగతి తెలిసి కూడా నేను ఆ రోజు సిగ్గుపడ్డాను. సిగ్గుపడటంలో నేను చిన్నప్పటి నుంచీ ముందే ఉన్నాను.

చదివింది ఒకటి, పడ్డది ఇంకొకటి అన్నట్టు, కంప్యూటర్లు చదువుకుని చివరికి హైదరాబాదులో గుండ్రటి సినిమాలు తీసే ఒక చిన్న కంపెనీలో చేరాను. చుట్టూ ఉన్న కెమెరాలు తలా ఒక ముక్క తీస్తే, ఆ ముక్కల అంచులు కనబడకుండా కలపడం నా పని. దాన్ని స్టిచింగ్ అంటారు. ఆ మాట చెబితే బాపు పొంగిపోయాడు. "నేను నేస్తున్న, నా బిడ్డ కుడుతుంది," అని కార్ఖానా అంతా చెప్పుకున్నాడు.

ఈ సినిమాల చరిత్రంతా కంపెనీ నడిపే మా సారు చాయ్ తాగుతూ చెప్పగా విన్నదే. వందేళ్లకు పైమాటే, పారిస్‌లో జరిగిన ఒక ఎగ్జిబిషన్ కోసం బెలూన్‌కు పది కెమెరాలు కట్టి పైకి పంపారట. జనాన్ని బెలూన్ బుట్టలాంటి అరుగు మీద నిలబెట్టి, వాళ్ల కాళ్ల కిందే పది ప్రొజెక్టర్లు పెట్టి చుట్టూ బొమ్మ వేశారట. ఆ దీపాల వేడికి భయపడి మూడు రోజులకే మూసేశారని కొందరు, అసలు తెరవనే లేదని కొందరు అంటారు. తర్వాత చాలా ఏళ్లకు అమెరికాలో ఒక పార్కువాళ్లు తెరల మధ్య సన్నని సందులు వదిలి, ఒక్కో సందులోంచి ఎదుటి తెర మీదికి ప్రొజెక్టర్ వేయడం మొదలుపెట్టారు. సందుకు ఎదురుగా తెర రావాలంటే తెరలు బేసి సంఖ్యలో ఉండాలి. అందుకే తొమ్మిది, పదకొండు. ఆ తర్వాత ఏ దేశంలో ఎగ్జిబిషన్ పెట్టినా ఎవరి దేశం గురించి వాళ్లు గుండ్రటి సినిమా తీసుకున్నారు. కొండలు, నదులు, నాట్యాలు, ఫ్యాక్టరీలు. ఫొటో దిగేటప్పుడు దేశాలు కూడా ఇస్త్రీ అంగీ వేసుకుంటాయి. పోనుపోను అన్ని రీళ్లు, అన్ని మెషీన్లు నడపడం భారమై హాళ్లు మూతబడ్డాయి. మేం చూసిన హాలు కూడా పోయింది, అందులో ఇప్పుడు పిల్లలు కార్లు గుద్దుకునే ఆట నడుస్తోంది. మాలాంటి వాళ్లం మాత్రం కొబ్బరికాయంత కెమెరా పట్టుకుని, ఎగ్జిబిషన్ల గుడారాల్లో ఆ ముచ్చటను ఇంకా సాగదీస్తున్నాం.

రెండేళ్ల కింద కరీంనగర్‌లో బట్టల ఎగ్జిబిషన్ పెడుతున్నామని, పత్తి నుంచి బట్ట దాకా ఒక గుండ్రటి సినిమా కావాలని మా సారుకు పని వచ్చింది. దసరా దాటాక ఆదిలాబాద్ దిక్కు చేన్లలో పత్తి ఏరడం తీశాం. జమ్మికుంట మార్కెట్ యార్డులో పత్తి కుప్పల మధ్య కెమెరా పెట్టి, దాని కింద కూర్చుని దుమ్ముకు తుమ్ములు ఆపుకోలేక చచ్చాం. ఎగ్జిబిషన్ వాళ్లు కొండగట్టు మెట్లు కూడా తీయమన్నారు. బట్టకూ కొండగట్టుకూ సంబంధం ఏమిటని అడిగితే, "అంజన్న లేకుంట కరీంనగర్ సినిమా ఎట్లయితది మేడం?" అన్నారు. మెట్లు కూడా తీశాం.

సాంచాల కోసం బాపు పనిచేసే కార్ఖానానే చూపించాను. ఆయన్ని నా చేతులతో తెర మీదికి ఎక్కించాలని నాకు ఉండేది. ఆయనకు ఇంకా ఎక్కువ ఉండేది. క్షౌరం చేసేవాడి దగ్గరి నుంచి చాయ్ హోటల్ దాకా చెప్పుకున్నాడు. షూటింగ్ రోజు అవ్వ ఇస్త్రీ చేసిన తెల్లంగీ వేసుకుని, గడ్డం గీయించుకుని వచ్చాడు. నాకు ఒళ్లు మండింది.

"పెండ్లికి పోతున్నవా బాపూ? సాంచాల కాడ గిట్లుంటరా? ఎప్పటి లెక్క బనీను మీద ఉండు."

బాపు అంగీ విప్పి, నలగకుండా మడిచి, కండెల డబ్బా మీద పెట్టాడు. మా సారు ముందు, జట్టు ముందు మాట్లాడిన తీరు అది. ఇప్పుడు తలచుకుంటే నా నోరు నేనే మూయాలనిపిస్తుంది.

కెమెరాను సందు మధ్యలో పెట్టి నేను దాని కింద నక్కాను. ఎనిమిది సాంచాలూ నడుస్తున్నాయి. బాపు చేయాల్సింది రోజూ చేసే పనే. కానీ అటు తిరిగి ఇటు తిరిగి, సరిగ్గా మధ్యలోకి వచ్చేసరికి కెమెరా వైపు చూసేశాడు. మళ్లీ తీశాం. మళ్లీ చూశాడు. మూడోసారీ అంతే.

"గిటు సూడకుమని ఎన్నిసార్లు చెప్పాలె?" అని అరిచాను.

"నువ్వు కింద గట్ల ముడుసుకొని కూసున్నవ్ బిడ్డా. నడుం నొస్తలేదా?" అన్నాడు.

అంటే ఆయన చూసింది కెమెరాను కాదు, నన్ను. ఆ పూట ఆ మాట నాకు సాకులాగే వినబడింది. ఆ గుండ్రటి కెమెరాలో ఉన్న ఆరు చిన్న కెమెరాలకు ఆరు కార్డులు, అన్నీ దాదాపు నిండిపోయాయి. జాగా కోసం ఆ మూడుసార్లు తీసినవీ అక్కడికక్కడే తుడిచేశాను. తుడవాలా అని కెమెరా అడుగుతుంది. తుడవమనే నొక్కాను, ఆరుసార్లు.

మనుషులు లేకుండా సాంచాలు మాత్రమే తీద్దామని, బాపును బయటికి పొమ్మన్నాను.

"నడిసే సాంచాలు ఇడిసిపెట్టి యాడికి పోను?" అన్నాడు. ఆ ఒక్క విషయంలో ఆయన ఎవరి మాటా వినడు. పనివాడు లేకుండా సాంచా నడవకూడదని మా దగ్గర కట్టుబాటు. ఇక మిగిలింది కెమెరా కింద చోటే. నా పక్కనే కూర్చోమన్నాను. మడిచిన అంగీని ఒళ్లో పెట్టుకుని, నాకు ఆనుకుని ముడుచుకున్నాడు. నూనె, పత్తి దుమ్ము కలిసిన ఆయన వాసన నాకు తగులుతోంది.

షాట్ సగంలో ఉండగా ఆయన తల తిప్పకుండానే నా చెవిలో అన్నాడు, "మూలదాని పోగు తెగింది." లేవబోయాడు. నేను మణికట్టు గట్టిగా పట్టుకుని, లేవొద్దని కళ్లతోనే బెదిరించాను. వెనక మూలన సాంచా ఆగిపోయి ఉంది. షాట్ అయ్యేదాకా ఆయన లేవడానికి గుంజుకుంటూనే ఉన్నాడు. నేను చెయ్యి వదలగానే ఉరికాడు.

ఆ షాట్ మా సారుకు తెగ నచ్చింది. ఒక సాంచా ఆగడం చాలా సహజంగా ఉందన్నాడు. సౌండులో బాపు గుసగుస వినబడితే దాన్నీ నేనే తీసేశాను. పని అంటే అంత శ్రద్ధ నాకు.

"ఇంకోపారి వచ్చి నిన్ను ఒక్కనివే తీస్త బాపూ," అన్నాను వెళ్లేటప్పుడు.

"ఫికర్ జెయ్యకు. నీ పని మంచిగైంది గద, గంతే సాలు," అన్నాడు. అప్పటికి అంగీ మళ్లీ వేసుకున్నాడు.

ఆ చలికాలం దాటకుండానే బాపు పోయాడు. కార్ఖానాలోనే, నిలబడ్డవాడు నిలబడ్డట్టే కూలిపోయాడట. కొన్నాళ్లకు ఆసామి ఆ సాంచాలను తుక్కు కింద అమ్మేశాడు. బాపు ఫొటోలు ఇంట్లో నాలుగైదు ఉన్నాయి. నడిచే బాపు, తిరిగే బాపు మాత్రం ఎక్కడా లేడు.

ఎండాకాలంలో ఎగ్జిబిషన్ మొదలైంది. అవ్వ రోజూ ఫోన్ చేసేది, ఎప్పుడు తీసుకుపోతావని. ఎండ అన్నాను, జనం అన్నాను, నీ మోకాళ్లు నిలబడనివ్వవు అన్నాను. సినిమాలో బాపు లేడని మాత్రం చెప్పలేదు. చివరి వారంలో ఆమే బస్సెక్కి వచ్చి, కరీంనగర్ బస్టాండు నుంచి ఫోన్ చేసింది.

"అచ్చిన. తీస్కపో."

గుడారంలో తొమ్మిది తెరలు. ఇప్పుడు ప్రొజెక్టర్లు పైనుంచి వేలాడతాయి గనక బేసి లెక్క అక్కరలేదు, అయినా మా సారు పాత మర్యాద కోసం తొమ్మిదే పెట్టించాడు. అవ్వ సరిగ్గా మధ్యలో వచ్చి నిలబడింది. పత్తి చేన్లు, యార్డు వచ్చిపోయాయి, ఆమె పట్టించుకోలేదు. కొండగట్టు మెట్లు వచ్చినప్పుడు చేతులు జోడించింది. ఒక్కసారిగా చుట్టూ సాంచాలు లేచాయి. ఆ చప్పుడుకు అవ్వ ముఖం ఎట్లా అయిపోయిందో నేను చెప్పలేను. ముప్పై ఏళ్లు బాపుకు సద్ది పట్టుకుపోయిన చోటు అది.

"తెల్లంగి ఏసుకున్నడు గద?" అంటూ తెర తెరా వెతికింది. సినిమా అయిపోయింది.

"నేను గిటు సూసేటాల్లకు గటునుంచి పోయిండేమో. ఇంకోపారి సూద్దాం," అంది.

అప్పుడన్నా చెప్పాల్సింది. రెండో ఆట కూడా చూశాం. ఈసారి ఆమె ఇంకో వైపు తిరిగి నిలబడింది. మళ్లీ దొరకలేదు. మూడో ఆటకు నన్ను పట్టుకుని తిప్పి, తన వీపుకు నా వీపు ఆనించింది.

"నువ్వటు సూడు, నేనిటు సూస్త. ఎవలకు కనవడ్తే వాళ్లు పిలువాలె."

లేడని తెలిసిన మనిషి కోసం, అవ్వ వీపుకు నా వీపు ఆనించి, నేనూ వెతికాను. మూలన సాంచా ఆగింది. అవ్వ నా చెయ్యి పట్టుకుంది.

"సాంచ ఆగింది. ఇగ వస్తడు సూడు," అంది.

ఎవరూ రాలేదు. తెగిన పోగు అట్లాగే వేలాడుతోంది. తెర మీద వెలుగు పోయింది, దీపాలు వెలిగాయి.

"సాంచ ఆగినంక మీ బాపు రాకుంట ఉంటడా? ఏడున్నడే?"

"ఇక్కన్నే ఉన్నడవ్వా," అన్నాను. "కెమెర కింద, నా పక్కపొంటి. లేస్తనంటే నేనే చెయ్యి వట్టి ఆపిన. కెమెర ఉన్నది ఇప్పుడు మనం నిలవడ్డ జాగనే."

తెల్లంగీ విప్పించింది నేనేనని, తీసినవి తుడిచింది నేనేనని కూడా చెప్పాను. అవ్వ కాళ్ల కిందికి చూసింది. చెప్పులు విడిచి చేతిలోకి తీసుకుని రెండడుగులు పక్కకు జరిగింది. నేను ఇంకా అక్కడే నిలబడి ఉన్నాను.

"నువ్వు గూడ జరుగు," అంది.