నిద్రబిళ్ళ మానేసిన స్వామి

కొత్తగా డాక్టరైన ఆ రోజుల్లో మెడలో స్టెతస్కోపు పడగానే ఒక గర్వం వస్తుంది చూశారూ, అది జ్వరం కన్నా తొందరగా ఎక్కుతుంది, జ్వరం కన్నా నిదానంగా దిగుతుంది. నేనప్పుడు అనంతపురంలో ఒక చిన్న ప్రైవేటు ఆసుపత్రిలో చేరాను. రోగులను చూడటంతో పాటు, ఇన్సూరెన్సు వాళ్ళ కోసం కంప్యూటర్లో ఒక్కో జబ్బుకు ఒక్కో కోడు నంబరు వేసే పని కూడా నా నెత్తినే పడింది. (పెద్ద డాక్టరుగారికి కంప్యూటరంటే గిట్టదు. "నీ కండ్లు బాగుంటాయి లేమ్మా" అని నవ్వుతూ అంటగట్టారు.) మడకశిర నుంచి మా నాయన ఫోన్ చేసి, "ఏమ్మా, ఈ పొద్దు ఎవరినన్నా బాగుచేసినావా?" అని అడిగితే, నేను నంబర్ల గురించి చెప్పేదాన్ని.

ఒక కార్తీకంలో ధర్మవరం నుంచి మగ్గం నేసే ఆయన్ను తీసుకొచ్చింది భార్య. నల్లబట్టలు, మెడలో మాల, నుదుట విభూతి. అయ్యప్ప దీక్షలో ఉన్నాడు. చేతులు గజగజ వణుకుతున్నాయి, ఒళ్ళంతా చెమట. "రెప్ప మూసింది లేదమ్మా. పోగు పట్టుకోలేకపోతాండాడు, మగ్గం మీద చీర సగంలో ఆగిపోయిండాది. మా వీధిలో సగంమంది స్వామి పూనినాడంటారు, సగంమంది తాగినాడంటారు" అని ఆమె కళ్ళొత్తుకుంది. పూనకం నా పుస్తకాల్లో లేదు కనుక నేను రెండో సగంలో చేరిపోయాను. తాగుడు మానేసినవాడి లక్షణాలు పరీక్షలో రాసి మార్కులు తెచ్చుకున్నదాన్ని, నాకు తెలియదా! "రోజుకి ఎంత తాగేవాళ్ళు?" అన్నాను.

ఆయన రెండు చెవులూ మూసుకుని, "స్వామియే శరణమయ్యప్పా! మాలలో ఉండేవాణ్ణి అడిగే మాటనా మాతా ఇది?" అన్నాడు. (దీక్షలో ఉన్నవాళ్ళకు ఆడవాళ్ళందరూ మాతలే. పెళ్ళి కూడా కాకుండా మాతనైపోయానని నా దిగులు నాది. ఆయన భార్య నవ్వుతూ చెప్పుకున్నది ఇంకో దిగులు: "నన్ను గూడా మాతా అనే పిలుస్తాండాడు సూడమ్మా!") అంతలోనే ఆమె నవ్వు మాయమై, నా చెయ్యి పట్టుకుంది. "మా ఆయన జన్మలో సుక్క ముట్టినోడు కాదు తల్లీ. ఆ మాట మాత్రం రాయొద్దు. ఊర్లో తలెత్తుకోలేం." అందరూ ఇట్లాగే చెబుతారులే అనుకుని, "సరే, మాల వేసుకుని ఏమేం మానేశారో చెప్పండి స్వామీ" అన్నాను విసుగ్గా.

"అన్నీ ఇడిసినా మాతా. చెప్పులిడిసినా, మంచమిడిసినా, మాంసమిడిసినా, బీడీ ఇడిసినా. నిద్రబిళ్ళ గూడా ఇడిసినా. అదీ అలవాటే గదా!"

నా పెన్ను ఆగిపోయింది. వాళ్ళమ్మ పోయినప్పుడు నిద్ర పట్టకపోతే ఎవరో డాక్టరు కొద్ది దినాలకని రాసిచ్చాడట. ఆ పాత బిళ్ళల అట్ట చూపించి మందుల అంగట్లో ఏళ్ళ తరబడి కొంటూనే ఉన్నాడట. మాల పడిన రోజున భక్తిగా, ఒక్క దెబ్బకు మానేశాడు. మనసుకు దీక్ష ఉందని ఒంటికేం తెలుసు పాపం?

పెద్ద డాక్టరుగారు వచ్చి చూసి, ఆ బిళ్ళే మళ్ళీ మొదలుపెట్టి వారాల తరబడి కొంచెం కొంచెంగా తగ్గించాలన్నారు, లేదంటే ఫిట్స్ వచ్చి ప్రాణం మీదికి రావచ్చన్నారు. స్వామి ససేమిరా అన్నాడు. "పానం పోయినా సరే, ఇడిసింది ముట్టను." బతిమాలాం, భయపెట్టాం, లాభం లేకపోయింది. చివరికి ఆయన భార్యే, మాల వేసిన గురుస్వామికి ఫోన్ కలిపి స్పీకరు పెట్టింది. అవతల నుంచి ఒకటే కేక: "ఏమప్పా స్వామీ, నేను దినామూ బీపీ బిళ్ళ మింగే కొండెక్కుతాండా. అయ్యప్ప ఎప్పుడన్నా వద్దన్నాడా? నువ్వు పడిపోతే నీ ఇరుముడి ఎవరు మోస్తారు, నేనా? మూసుకోని మింగు!" స్వామి కళ్ళు మూసుకుని, శరణు చెప్పి మరీ మింగాడు.

ఆయనకు కాస్త కునుకు పట్టాక నేను కంప్యూటరు ముందు కూర్చున్నాను. భార్య నా వెనకే వచ్చి నిలబడింది. "ఏం రాస్తాండావమ్మా?" అంది భయంగా. "నిద్రబిళ్ళలకు ఒళ్ళు అలవాటుపడి, ఉన్నట్టుండి మానేస్తే వచ్చిన బాధ అని. తాగుడు మాట ఎక్కడా లేదు. ఇదిగో, దీని నంబరు" అని చూపించాను. ఆమె తెరకేసి వంగి చూసింది.

"దీనికి గూడా నంబరుండాదా?"

"ఉంది."

"అంటే మా మాదిరి అగచాట్లు పడినోళ్ళు ఇంగా శానామంది ఉండారా?"

"ప్రపంచమంతా ఉన్నారమ్మా."

ఆమె పరుగున పోయి మంచం పక్కన కూర్చుంది. "ఇనబడెనా స్వామీ? నువ్వొగనివే కాదంట" అని నిద్రపోతున్న మనిషికి చెప్పి, వెక్కి వెక్కి ఏడ్చింది. నాకూ కన్నీళ్ళు ఆగలేదు. ఆ నంబర్లు ఇన్సూరెన్సు వాళ్ళ కోసమే పుట్టాయని అప్పటిదాకా అనుకున్నాను నేను.

ఇప్పుడు నా కళ్ళకూ జోడు వచ్చింది, గర్వం చాలావరకు దిగింది. సిగ్గుతో తల వంచుకుని కూర్చున్నవాళ్ళు ఎవరొచ్చినా కంప్యూటరు తెర వాళ్ళవైపు తిప్పి, "చూడండి, దీనికీ నంబరుంది" అంటాను. మందు రాసేలోపే ముఖం సగం తేటపడుతుంది. ఈ మధ్య నాకే రాత్రిళ్ళు నిద్ర సరిగ్గా పట్టడం లేదు. (దానికీ ఒక నంబరు ఉంది. నేనే చూసుకున్నాను.) బిళ్ళ జోలికి మాత్రం పోను. నాలాగే మేలుకుని ఉన్నవాళ్ళందరినీ తలుచుకుని, అటు తిరిగి పడుకుంటాను.