రత్నకుమారి గొంతు

2024లో కృష్ణకు వరద వచ్చినప్పుడు నేను అవనిగడ్డ దగ్గర ఒక కమ్యూనిటీ రేడియోలో అనౌన్సర్‌ని. తుఫాను వస్తే తప్ప టీవీ వాళ్లు దివిసీమ మొహం చూడరని, మా మాటలు మేమే చెప్పుకోవాలని నలుగురం కలిసి పెట్టుకున్న స్టేషన్. రెండు గదులు, చిన్న ట్రాన్స్‌మిటర్. చుట్టుపక్కల ఏటి మధ్య లంకల్లో మాత్రం బాగా వినేవారు.

ఆ రోజు పొద్దున్నుంచీ ఒక ఛానల్ లంకలో ఉండే రత్నకుమారి చనిపోయిందని ఫొటోతో సహా చూపిస్తోంది. లంకలో సామాన్లు ఎక్కించిన పడవ తాడు తెగి కొట్టుకుపోయి తిరగబడింది. అందులో ఆమె సంచి, ఆధార్ కార్డు దొరికాయి. ఆమె కూడా పడవలో ఉందని ఛానల్ వాళ్లే అనేసుకున్నారు. రత్నకుమారి నారుమళ్ల గురించి మా రేడియోలో ఎన్నోసార్లు మాట్లాడిన మనిషి.

మధ్యాహ్నం తలుపు తోసుకుని ఆమే లోపలికొచ్చింది. మోకాళ్ల దాకా బురద.

"మామగారి మందులు మర్చిపోయి ఇంట్లోకెళ్లానండీ. ఈలోపు పడవ పోయింది. వేరే పడవలో వచ్చాను. మా ఆయన నాకోసం ఏట్లో వెతుకుతున్నాడంట, ఫోన్ కలవట్లేదు. గట్టు మీద మావాళ్లు మీ రేడియోనే వింటారు. ఆయన్ని వెనక్కి పిలవమని చెప్పండి."

మైకు ముందు కూర్చోబెట్టాను. ఆమె పెదాలు కదులుతున్నాయి. గొంతు స్థాయి చూపించే మీటరు మాత్రం కదలడం లేదు. హెడ్‌ఫోన్లో నిశ్శబ్దం. చూసుకుంటే ఫేడర్, అంటే శబ్దం పెంచే మీట, నేనే పైకి జరపలేదు.

జరిపాను. ఆమె మళ్లీ చెప్పింది. నిమిషం తిరక్కుండానే ఫోన్ మోగింది. గట్టు మీద నుంచి ఆమె మరిది శామ్యూల్.

"ఆపండి మేడమ్. పోయిన మనిషి గొంతు ఎందుకు వేస్తున్నారు? ఈ హోరులో మాటలు తెలీకపోయినా ఆ గొంతు వినలేకపోతున్నాం. పాత రికార్డింగేగా?"

అతని ఫోన్‌ని ప్రసారంలో కలిపి, "మీరే అడగండి" అన్నాను.

నీళ్ల హోరులోంచి అతను భయపడుతూ అడిగాడు, "వదినా... నువ్వే అయితే, పొద్దున నేను బయల్దేరేటప్పుడు ఏమన్నావు?"

"కాలికి మేకు గుచ్చుకుంది కదా, బురదలో దిగకురా అన్నాను శామ్యూలూ. దిగావా?"

అతను ఏట్లోకి అరవడం మొదలుపెట్టాడు. "అన్నయ్యా, తిరిగొచ్చెయ్! వదిన బతికే ఉంది!" ఆ అరుపంతా ప్రసారంలో వెళ్లిపోయింది.

సాయంత్రం ఆమె భర్త వచ్చి స్టూడియో అద్దం అవతల నిలబడ్డాడు. లోపల ఆమె మాట్లాడుతోంది, అతనికి వినపడదు. రమ్మని చేయి ఊపినా రాలేదు. ఆమె బయటికెళ్లి చెయ్యి పట్టుకునేదాకా అతను రెప్ప వెయ్యలేదు.

టీవీలో ఆ వార్త చెప్పాపెట్టకుండా మాయమైంది. సవరణ లేదు. కానీ ఆ రోజు నాకు తెలిసొచ్చింది మా తప్పు. ముందే రికార్డు చేసినదీ, అప్పటికప్పుడు మాట్లాడేదీ మేం తేడా చెప్పకుండా వేసేవాళ్లం. అందుకే బతికున్న మనిషి మాటని సొంత మరిదే నమ్మలేకపోయాడు. ఇప్పుడు ఏ గొంతు వేసినా, అది ఎప్పటిదో చెప్పాకే వేస్తాం.